వెనిస్‌లో తలుపులు మూసి వేసిన సినిమా

1966లో వెనిస్ చలనచిత్రోత్సవంలో ఒక స్వీడిష్ సినిమాను మామూలు ప్రేక్షకులకు చూపించలేదు. జ్యూరీ, విలేకరులు మాత్రం విడిగా చూశారు. అదే ఏడాది శాన్‌ఫ్రాన్సిస్కో ఉత్సవంలో దాన్ని వేస్తామనేసరికి ఒకప్పటి బాలతార షర్లీ టెంపుల్ నిర్వాహక కమిటీ నుంచి తప్పుకుంది. సినిమా పేరు ‘నాట్‌లేక్’, అంటే రాత్రి ఆటలు. తీసింది మాయ్ సెటర్లింగ్. కథ కూడా ఆమె నవలే.

అంతకుముందు ఇరవై ఏళ్లు ఆమె తెర మీద ఉన్నంతకాలం ఇంత గొడవ లేదు. 1925లో వెస్టెరోస్‌లో పుట్టి, స్టాక్‌హోమ్‌లోని రాయల్ డ్రమాటిక్ థియేటర్‌లో నటన నేర్చుకుంది. 1944లో వచ్చిన ‘హెట్స్’లో ఆమెది పొగాకు కొట్టులో పనిచేసే బెర్తా వేషం. కుర్రాళ్లు ‘కలిగుల’ అని పిలుచుకునే లాటిన్ మాస్టారు ఆ పిల్లను వేధించుకు తింటాడు, చివరికి ఆమె చచ్చిపోతుంది. స్క్రిప్టు రాసింది అప్పటికింకా దర్శకుడు కాని ఇంగ్మార్ బెర్గ్‌మన్. తర్వాత లండన్. ‘ఫ్రీడా’లో (1947) ఇంగ్లిష్ పైలట్ ఇంటికి తెచ్చుకున్న జర్మన్ భార్య. ఆ పైన హాస్యనటులు డానీ కే, పీటర్ సెల్లర్స్‌లతో కామెడీలు.

ఆమె కెమెరా వెనక్కి వెళ్లాక కూడా మొదట్లో బాగానే నడిచింది. బొమ్మ తుపాకీ కోసం ఇద్దరు పిల్లలు కొట్టుకునే పొట్టి సినిమాకు 1963లో ఇదే వెనిస్ బహుమతి ఇచ్చింది! పిల్లలు కొట్టుకుంటే ఫర్వాలేదు. 1964లో ‘ఎల్‌స్కాండే పార్’లో ప్రసూతి ఆసుపత్రిలోని ముగ్గురు ఆడవాళ్ల గతం తవ్వేసరికి చిక్కు మొదలైంది. ఫ్రాన్స్‌లోని కాన్ చలనచిత్రోత్సవంలో దాని పోస్టర్ మీద కూడా నిషేధం పడింది.

నా లెక్కలో అసలు సినిమా ‘ఫ్లిక్కోర్నా’ (1968). యుద్ధం ఆపేదాకా మగవాళ్లను దగ్గరికి రానివ్వని ఆడవాళ్ల పాత గ్రీకు నాటకం ‘లైసిస్ట్రాటా’ను ముగ్గురు నటీమణులు ఊరూరా ఆడుతుంటారు. ఒక ఊళ్లో ఆట అయిపోయాక బీబీ ఆండర్సన్ పాత్ర వేదిక మీదే నిలబడి, కాసేపు దీని గురించి మాట్లాడుకుందాం అంటుంది. జనం గుడ్లప్పగించి చూస్తారు తప్ప ఒక్కరూ నోరు విప్పరు. బయట స్వీడన్ విమర్శకులు నోరు విప్పారు, తిట్టడానికి. అక్కడ సెటర్లింగ్‌కు మళ్లీ పెద్ద సినిమా దక్కేసరికి 1986 వచ్చింది. అదే ‘అమోరోసా’. రచయిత్రి ఆగ్నెస్ ఫోన్ క్రూసెన్‌ష్యేర్నా జీవితం అది. ‘ఎల్‌స్కాండే పార్’కు మూలం కూడా ఆగ్నెస్ నవలలే.

మధ్యలో ఊరికే కూర్చోలేదు. 1972 మ్యూనిక్ ఒలింపిక్స్ మీద ఎనిమిది మంది దర్శకులు కలిసి తీసిన చిత్రంలో వెయిట్‌లిఫ్టర్ల భాగం ఆమెదే. ‘స్క్రబర్స్’లో (1982) ఆడపిల్లల జైలును చూపించింది. 1985లో ఆత్మకథ వేసింది.

1990లో మళ్లీ నటిగానే ‘ద విచెస్’లో కనిపించింది. ఆ సినిమా చూసి పెరిగిన పిల్లలకు ఆమె మనవడికి మంత్రగత్తెల ఆనవాళ్లు చెప్పే బామ్మ, అంతే.