బల్ల మీద పరిచిన ఆకాశం

1940 వేసవిలో జర్మన్ విమానదాడుల నుంచి బ్రిటన్‌ను రాడారే గట్టెక్కించిందని అంటుంటారు. రాడార్ జర్మనీ దగ్గరా ఉంది. రాడార్‌కు చిక్కిన సంగతిని నిమిషాల్లో పైలట్ చెవిన వేసే ఏర్పాటు మాత్రం బ్రిటన్‌కే ఉంది. దాన్ని అల్లింది బ్రిటన్ వైమానిక దళంలో ఫైటర్ విమానాల విభాగమైన ఫైటర్ కమాండ్ అధిపతి హ్యూ డౌడింగ్.

తీరం వెంట ఉన్న చెయిన్ హోమ్ రాడార్లు సముద్రం వైపే చూసేవి. విమానం ఎంత దూరంలో ఉందో బాగానే పట్టేవి, ఏ దిక్కున ఉందో చెప్పడంలో తడబడేవి. ఒకే గుంపును మూడు స్టేషన్లు చూసి తలో చోటు చెప్పేవి. ఆ కబుర్లన్నీ టెలిఫోన్‌లో ఫైటర్ కమాండ్ ప్రధాన కార్యాలయమైన బెంట్లీ ప్రయరీలోని ఫిల్టర్ రూమ్‌కు చేరేవి. వాటిని సరిపోల్చి, ఇవన్నీ ఒకే దాడి, ఇటుగా వస్తోంది అని తేల్చేది అక్కడే. విమానాలు తీరం దాటి లోపలికి వచ్చాక, నేల మీంచి వాటిని కనిపెట్టే అబ్జర్వర్ కోర్ వాలంటీర్ల కళ్లూ చెవులే దిక్కు.

తేలిన సమాచారం గ్రూపులకు, అంటే ఒక్కో ప్రాంతాన్ని కాచే విభాగాలకు, వాటి కిందుండే సెక్టార్లకు వెళ్లేది. అక్కడ పెద్ద మ్యాప్ బల్ల చుట్టూ హెడ్‌ఫోన్లు పెట్టుకున్న మహిళలు విమానాల గుంపులకు గుర్తుగా పెట్టిన బిళ్లలను పొడవాటి కర్రలతో జరిపేవారు. నన్ను అన్నిటికన్నా ఆశ్చర్యపరిచేది అక్కడి గోడ గడియారం. దాని ముఖం మీద ఐదేసి నిమిషాలకు ఒక రంగు చొప్పున ఎరుపు, పసుపు, నీలం వరసగా ఉండేవి. ముల్లు పసుపులో ఉండగా వచ్చిన కబురుకు పసుపు బాణమే పెట్టాలి. ముల్లు నీలంలోకి వెళ్లాక కూడా బల్ల మీద ఎరుపు ఉందంటే, ఆ కబురు పాతబడిందని పైన కూర్చున్న కంట్రోలర్‌కు ఒక్క చూపులో తెలిసేది. గంటకు 300 కిలోమీటర్ల వేగంతో వచ్చే బాంబర్ ఐదు నిమిషాల్లో 25 కిలోమీటర్లు జరిగిపోతుంది మరి!

ఎవరి నిర్ణయం వాళ్లదే. ఏ స్క్వాడ్రన్‌ను (ఫైటర్ విమానాల దళాన్ని) పంపాలో గ్రూపు చెప్పేది. ఆగ్నేయ ఇంగ్లండ్‌లో ఆ భారం 11వ గ్రూపు అధిపతి కీత్ పార్క్‌ది. శత్రువు కనబడేదాకా రేడియోలో దారి చూపేది సెక్టార్ కంట్రోలర్. కనబడ్డాక పోరు నడిపేది గాల్లో ఉన్న నాయకుడు. డౌడింగ్ మధ్యలో వేలు పెట్టేవాడు కాదు. వ్యవస్థ వేగమంతా ఈ నిగ్రహంలోనే ఉందని నా నమ్మకం.

లోపమూ ఉంది. చాలా సెక్టార్ గదులు నేల మీదే ఉండేవి. సెప్టెంబర్ 1న బిగ్గిన్ హిల్ వైమానిక స్థావరంలోని సెక్టార్ గది మీద బాంబు పడితే, పనిని ఊళ్లోని ఒక దుకాణంలోకి మార్చారు. ఆ గదులే కీలకమని జర్మన్లు పసిగట్టలేదు. వారం తిరక్కుండానే, 7వ తేదీన, వాళ్ల గురి లండన్ మీదికి మళ్లింది.