పాదం ఎముకల కోడింగ్: అపోహలు - వాస్తవాలు

అమెరికా ఆసుపత్రుల చార్టులను హైదరాబాదులో కూర్చుని కోడ్ చేసే, అంటే చార్టులోని జబ్బులకు బీమా క్లెయిమ్ కోసం నిర్ణీత కోడ్‌లు ఇచ్చే మనవారి పనిని ఆడిట్ చేయడం నా ఉద్యోగం. పాదానికి సంబంధించిన అవుట్‌పేషెంట్ (ఆసుపత్రిలో చేరకుండా చూపించుకుని వెళ్లేవారి) చార్టుల్లో ఒకే పొరపాటు ప్రతి వారం ఎదురవుతున్నందువల్ల ఇది రాస్తున్నాను.

అపోహ: డాక్టరు నోట్‌లో ‘రూల్ అవుట్ ఆస్టియోమైలైటిస్’ (ఎముకకు ఇన్ఫెక్షన్ ఉందో లేదో తేల్చాలి) అని ఉంటే ఆ జబ్బుకు చెందిన ఎమ్86 వరుసలోని కోడ్ ఇవ్వాలి, లేకపోతే ఎమ్మారై స్కాన్ క్లెయిమ్ బీమా సంస్థ దగ్గర డినై (తిరస్కరణ) అవుతుంది.

వాస్తవం: ఇవ్వకూడదు. అమెరికాలో జబ్బుల కోడ్‌లకు ఆధారమైన ఐసీడీ-10-సీఎమ్ మార్గదర్శకాల నాలుగో విభాగం ఈ విషయంలో ఎలాంటి సందేహానికీ తావివ్వలేదు. అవుట్‌పేషెంట్ నోట్‌లో ‘ప్రాబబుల్’, ‘సస్పెక్టెడ్’, ‘రూల్ అవుట్’ వంటి మాటలతో రాసిన జబ్బును కోడ్ చేయరాదు. ఆ విజిట్‌లో డాక్టరు ఎంతవరకు నిశ్చయించారో అంతవరకే కోడ్ చేయాలి. టైప్ 2 మధుమేహం ఉన్న వ్యక్తి కుడి మడమ మీద పుండుతో వచ్చినప్పుడు, ఇన్ఫెక్షన్ ఎముక దాకా వెళ్లిందేమోనన్న అనుమానంతో డాక్టరు ఎమ్మారై రాశారనుకుందాం. ఆ రోజుకు ఇవ్వవలసింది ఇ11.621 (పాదం పుండుతో కూడిన టైప్ 2 మధుమేహం), దాని వెంట పుండు లోతును బట్టి ఎల్97.41 వరుసలోని కోడ్. పుండు లేకుండా కుడి పాదంలో నొప్పి మాత్రమే ఉంటే ఎమ్79.671. పరీక్ష ఎందుకు అవసరమైందో చెప్పే నిజమైన కారణాలు ఇవే కాబట్టి, క్లెయిమ్ నిలబడాలన్నా వీటి మీదే నిలబడాలి. అనుమానాన్ని జబ్బుగా రాస్తే డబ్బు వస్తుందన్న పుకారును ఎవరు పుట్టించారో గాని, ట్రైనింగ్ గదుల్లో దానిని ఇంకా వల్లె వేయిస్తూనే ఉన్నారు.

ఎమ్మారైని రేడియాలజిస్టు చదివి, తుది రిపోర్టు కోడ్ చేసే సమయానికి చేతిలో ఉండి, అందులో జబ్బు ఖాయమైందనుకోండి, అప్పుడు మాత్రం ఆ స్కాన్ విజిట్‌కు ఇ11.69 (మధుమేహం వల్ల వచ్చిన ఇతర చిక్కు), ఎమ్86.171 (కుడి చీలమండ, పాదంలో ఆస్టియోమైలైటిస్) వంటి కోడ్‌లు ఇవ్వవచ్చు. మధుమేహానికీ ఆస్టియోమైలైటిస్‌కూ సంబంధం ఉందని డాక్టరు విడిగా రాయనవసరం లేదు. కాదని రాయకపోతే చాలు, కోడ్ సూచికలో ‘విత్’ (తో) అన్న మాట కింద ఉన్న జబ్బులకు సంబంధం ఉన్నట్టే భావించాలన్న ‘విత్’ నియమం వాటిని కలుపుతుంది.

ఈ గందరగోళానికి మూలం ఇన్‌పేషెంట్ నియమం. ఆసుపత్రిలో చేరిన రోగి డిశ్చార్జ్ నాటికీ అనుమానం తీరకపోతే, జబ్బు ఉన్నట్టుగానే కోడ్ చేస్తాము. అక్కడ నేర్చుకున్నది ఇక్కడికి తెచ్చుకోవడంతోనే చిక్కు వస్తున్నది.

డల్లాస్‌లో కొడుకు దగ్గర ఉంటున్న మా పిన్ని ఒక రాత్రి ఫోన్ చేసి ఏడ్చారు. కాలి పుండు చూపించుకుని వచ్చాక పేషెంట్ పోర్టల్‌లో ఆస్టియోమైలైటిస్ అన్న మాట కనబడిందట. ఎముకకు చీము పట్టింది, ఇక కాలు తీసేస్తారని ఎవరో చెప్పగా నమ్మేశారు. తమ్ముడి చేత నోట్ చదివించుకుని విన్నాను, అందులో ఉన్నది ‘రూల్ అవుట్’ మాత్రమే. తర్వాతి వారం ఎమ్మారైలో ఎముక బాగానే ఉందని తేలింది, కాని అనుమానాన్నే జబ్బుగా రికార్డులో పెట్టిన కోడ్‌ను సరిచేయించడానికి తమ్ముడికి మూడు నెలలు పట్టింది. చార్టు తెరిచినప్పుడల్లా నాకు పిన్ని గొంతు గుర్తుకు వస్తుంది.

మిగిలినవి క్లుప్తంగా చెబుతాను. స్ట్రెస్ ఫ్రాక్చర్ (పదేపదే పడే ఒత్తిడితో ఎముకకు వచ్చే పగులు) కోడ్ చివర ‘ఎ’ అంటే మొదటి విజిట్ అన్నది తప్పు. అది చికిత్స చురుగ్గా సాగుతున్న దశకు గుర్తు. ఎముక మామూలుగా అతుక్కుంటున్న దశలో రోగి కొత్త డాక్టరును తొలిసారి కలిసినా ‘డి’యే వస్తుంది. ఎమ్89.8ఎక్స్7, ఎమ్94.8ఎక్స్7 కోడ్‌లలో కుడి ఎడమల కోసం వెతకకండి, అవి లేవు. పైగా ఆ రెండూ ఎముకకో మృదులాస్థికో వచ్చిన జబ్బును డాక్టరు పేరు పెట్టి చెప్పినా దానికంటూ వేరే కోడ్ లేనప్పుడు వాడేవి, ఏమీ చెప్పనప్పుడు వాడేవి కావు. మడమ ముల్లు, ప్లాంటార్ ఫేషియైటిస్ (అరికాలి కింది పొరకు వచ్చే జబ్బు) ఒకటే అనుకోవద్దు: కుడి మడమ ముల్లుకు ఎమ్77.31, ఫేషియైటిస్‌కు ఎమ్72.2.

ఆడిట్‌లో 95 శాతం కచ్చితత్వం తప్పుతుందేమోనని భయపడుతూ పనిచేసే కొత్తవారి సంగతి నాకు తెలుసు, నేనూ అలాగే మొదలుపెట్టాను. నోట్ అస్పష్టంగా ఉంటే ఊహించకుండా డాక్టరుకు క్వెరీ (వివరణ కోరే ప్రశ్న) పంపండి. సరైన క్వెరీ పంపినందుకు ఇంతవరకు ఎవరికీ నేను మార్కు తగ్గించలేదు.