కంచంలోకి ఏం రావాలో ముందే తేల్చేది ఎవరు? ఆహారం, సమాజం, ఆరోగ్యం: అపోహలు - వాస్తవాలు

డైటీషియన్‌గా నా దగ్గరికి వచ్చేవాళ్లు కూర్చుంటూనే చెప్పే మాట ఒకటుంది: "తప్పంతా నాదేనండీ, నోరు కట్టుకోలేకపోతున్నాను." వెంట వచ్చిన ఇంటివాళ్లు అవునన్నట్టు తలూపుతారు. కాయితం మీద పథ్యం రాసిచ్చి పంపేస్తే అందరికీ తృప్తిగానే ఉంటుంది. కానీ నోటిని తిట్టి లాభం లేదు. ఆ నోటి దాకా ఏది వచ్చింది, ఏది రాలేదు, ఎవరు వండారు, ఎంత డబ్బుతో కొన్నారు, ఏ వేళకు తిన్నారు, ఎవరి మధ్య కూర్చుని తిన్నారు... ఇవన్నీ తేలాకే మనిషి ఇష్టమనేది మొదలవుతుంది. దీని గురించి నేను తరచూ వినే అపోహలు, వాటికి నా జవాబులు ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: ఏది మంచిదో తెలియకే జనం తప్పుగా తింటారు. తెలియజెబితే మారిపోతారు.

తెలియడం అవసరమే. అది చాలదని 80 ఏళ్ల కిందటే తేలింది. రెండో ప్రపంచ యుద్ధ కాలంలో అమెరికాలో మాంసానికి కొరత వచ్చింది. పశువుల గుండె, మూత్రపిండాల వంటి భాగాల్లో పోషకాలున్నాయి, దొరుకుతున్నాయి కూడా. అయినా చాలా ఇళ్లలో వాటిని ముట్టేవాళ్లు కాదు. జనాన్ని ఎలా ఒప్పించాలో చూడమని మానవశాస్త్రవేత్త మార్గరెట్ మీడ్ కార్యదర్శిగా ఒక జాతీయ కమిటీ పనిచేసేది. దానికోసం మనస్తత్వ శాస్త్రవేత్త కర్ట్ లెవిన్ గృహిణులతో చిన్న ప్రయోగం చేశాడు. కొన్ని బృందాలకు ఉపన్యాసం ఇచ్చారు: ఆ మాంసంలో ఏ విటమిన్లున్నాయి, దేశానికి ఎందుకు అవసరం, ఎలా వండాలి. మిగతా బృందాల్లో ఉపన్యాసం లేదు. తమలాంటి గృహిణులు వీటిని వండాలంటే అడ్డేమిటో వాళ్లలో వాళ్లే మాట్లాడుకున్నారు. ఇంట్లో మగవాళ్లు ఏమంటారు, వండేటప్పుడు వచ్చే వాసన సంగతేంటి అని అన్నీ బయటికి వచ్చాయి. ఆ తర్వాతే వంట పద్ధతులు చేతికిచ్చారు. ఈ వారం ఎవరు వండి చూస్తారో చేతులెత్తమన్నారు. కొన్నాళ్లకు వెళ్లి అడిగితే, ఉపన్యాసం విన్నవాళ్లలో 3 శాతం మంది, మాట్లాడుకుని తేల్చుకున్నవాళ్లలో 32 శాతం మంది కొత్తగా ఆ మాంసం వండి పెట్టారు.

నా వృత్తిలో ఈ అంకెలకున్నంత విలువ దేనికీ లేదనిపిస్తుంది. తినడం నలుగురితో ముడిపడిన పని. నలుగురూ సరేనన్నది సులువుగా తింటాం, వాళ్లు మొహం చిట్లించింది ఎంత మంచిదైనా గొంతు దిగదు. అందుకే షుగర్ ఉన్న మనిషి ఒంటరిగా వస్తే, వంట చేసేవాళ్లను కూడా వెంటబెట్టుకు రమ్మంటాను. వాళ్లు ఒప్పుకోని పథ్యం వారం దాటదు.

అపోహ: ఒక వర్గానికే ఒక జబ్బు ఎక్కువగా వస్తోందంటే, లోపం వాళ్ల అలవాట్లలోనో శుభ్రతలోనో ఉన్నట్టే.

ఈ మాట ఎంత ప్రాణాంతకమో పెల్లాగ్రా చరిత్ర చెబుతుంది. ఎండ తగిలే చోటల్లా చర్మం మాడినట్టయి, విరేచనాలు పట్టుకుని, మతి చలించి, చివరికి మనిషిని చంపేసే జబ్బు అది. 1735లో స్పెయిన్‌లోని అస్తూరియాస్‌లో గాస్పార్ కసాల్ అనే వైద్యుడు మొక్కజొన్న మీదే బతికే పేదల్లో దీన్ని గమనించాడు. 20వ శతాబ్దం మొదట్లో అమెరికా దక్షిణాది రాష్ట్రాల్లో ఇదే జబ్బు చెలరేగింది. అంటువ్యాధి అని కొందరు, వంశంలో వస్తుందని కొందరు, మురికి వల్లేనని ఇంకొందరు తేల్చేశారు. రోగులంటే జనం భయపడి దూరం జరిగారు.

1914లో ప్రభుత్వం జోసెఫ్ గోల్డ్‌బెర్గర్ అనే వైద్యుణ్ని పంపింది. మానసిక చికిత్సాలయాల్లో, అనాథాశ్రమాల్లో ఆయనకు ఒక విషయం కొట్టొచ్చినట్టు కనిపించింది. లోపల ఉన్నవాళ్లకు జబ్బు వస్తోంది, వాళ్లను రోజూ తాకుతూ చూసుకునే ఉద్యోగులకు రావడం లేదు. అంటువ్యాధి అలా మనిషి హోదా చూసి అంటుకోదు కదా. ఇద్దరికీ తేడా తిండిలో ఉంది. అనాథాశ్రమాల పిల్లలకు పాలు, గుడ్లు, మాంసం కలిపి పెట్టించాడు, జబ్బు మాయమైంది. అయినా నమ్మనివాళ్ల కోసం 1916లో ఆయన, ఆయన భార్య, సహచరులు రోగుల రక్తం ఎక్కించుకున్నారు. రోగుల మలమూత్రాలు కలిపిన ముద్దలు కొందరు మింగారు. ఎవరికీ జబ్బు రాలేదు.

ఆయన అక్కడితో ఆగి "మంచి తిండి తినండి" అని చెప్పి ఊరుకోలేదు. నాకు ఆయన మీద అంత గౌరవం అందుకే. ఆర్థిక శాస్త్రం తెలిసిన ఎడ్గర్ సైడెన్‌స్ట్రికర్‌తో కలిసి సౌత్ కరోలినాలో బట్టల మిల్లుల కాలనీలు తిరిగి, ఏ ఇంట్లో ఎంత ఆదాయం, ఏం తింటున్నారు, జబ్బు ఎంత అని లెక్క తీశారు. ఆదాయం తగ్గేకొద్దీ జబ్బు పెరిగింది. పల్లెల్లో పంటలో వాటా ఇచ్చే ఒప్పందం మీద భూస్వామి పొలం సాగు చేసే కుటుంబాలదీ ఇదే గతి. భూస్వామికి పత్తి కావాలి కాబట్టి గుమ్మం దాకా పత్తే. కూరపాదుకూ ఆవుకూ చోటుండదు. అప్పు మీద దుకాణంలో దొరికేది మొక్కజొన్న పిండి, బెల్లపు పాకం, ఉప్పు పట్టించిన పంది కొవ్వు. వాళ్లకు ఏది మంచిదో తెలియక కాదు, దొరికేది అదొక్కటే. 1921లో పత్తి ధర పడిపోయినప్పుడు పెల్లాగ్రా ముంచుకొస్తుందని గోల్డ్‌బెర్గర్ హెచ్చరిస్తే, దక్షిణాది నాయకులు తమ ప్రాంతం పరువు తీస్తున్నాడని మండిపడ్డారు. ఆయన 1929లో చనిపోయాడు. జబ్బుకు కారణం నియాసిన్ అనే విటమిన్ లోపమని 1937 తర్వాత స్పష్టమైంది.

ఇందులో సంస్కృతికి సంబంధించిన ముఖ్యమైన పాఠం ఇంకొకటుంది. మొక్కజొన్నను మొదట సాగు చేసిన మెక్సికో, మధ్య అమెరికా ప్రజలు వేల ఏళ్లుగా దాన్నే తిన్నారు. వాళ్లలో పెల్లాగ్రా ప్రబలలేదు. వాళ్లు గింజల్ని సున్నం కలిపిన నీళ్లలో ఉడికించి నానబెట్టి రుబ్బుకుంటారు. మొక్కజొన్నలో బిగిసి ఉన్న నియాసిన్ దాంతో విడుదలై ఒంటికి పడుతుంది. యూరప్ వాళ్లు గింజను పట్టుకెళ్లారు, వండే పద్ధతిని అక్కడే వదిలేశారు. తరతరాల వంట జ్ఞానం అనాగరికమని తోసిపుచ్చితే మూల్యం ఇలా ఉంటుంది.

ఇదంతా పాత కథ అనుకోవద్దు. ఐక్యరాజ్య సమితి సంస్థల అంచనా ప్రకారం 2022లో ప్రపంచంలో సుమారు 280 కోట్ల మంది ఆరోగ్యకరమైన ఆహారం కొనగలిగే స్థితిలో లేరు. వాళ్లకు మనం ఇచ్చే సలహాల్లో సగం, లేని డబ్బును ఖర్చు పెట్టమనేవే.

అపోహ: షుగర్, ఊబకాయం వంశంలో ఉంటే తప్పవు.

జన్యువుల పాత్ర ఉంది, కాదనను. కానీ పిమా ప్రజల్ని చూడండి. వీళ్లలో కొందరు అమెరికాలోని అరిజోనాలో, కొందరు మెక్సికోలోని సొనోరా కొండల్లో ఉంటారు. మూలాలు ఒకటే. 2006లో వచ్చిన అధ్యయనంలో టైప్ 2 షుగర్ అరిజోనా పిమాల్లో 38 శాతం మందికి, మెక్సికో పిమాల్లో 6.9 శాతం మందికి ఉంది. మెక్సికో వైపు వాళ్లు అప్పటికి ఇంకా చేత్తో సేద్యం చేస్తూ, పండించింది తింటూ ఉన్నారు. అరిజోనా వాళ్లూ ఒకప్పుడు గిలా నది నీళ్లతో పంటలు పండించిన రైతులే. 19వ శతాబ్దం చివర్లో నదికి ఎగువన స్థిరపడిన వలస రైతులు ఆ నీళ్లను మళ్లించుకున్నారు. పొలాలు ఎండాయి, కరువొచ్చింది. తర్వాత ప్రభుత్వం పంచిన మైదా, పందికొవ్వు, పంచదారల మీద బతకాల్సి వచ్చింది. వాళ్ల ఒంట్లోని షుగర్‌కు సంజాయిషీ అడగాలంటే ఆ నదిని మళ్లించిన చోట మొదలుపెట్టాలి.

అపోహ: పాతకాలపు తిండంతా ఆరోగ్యమే.

పై కథలు చదివి ఇలా అనుకుంటే పొరపాటు. ఉత్తర జపాన్‌లో చలికాలానికి కూరగాయలూ చేపలూ ఉప్పులో నిల్వ చేసుకోవడం తరాల నాటి అలవాటు. 1950ల్లో అకితా వంటి ప్రాంతాల్లో రోజుకు 20 గ్రాములకు పైగా ఉప్పు తినేవాళ్లు. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఈనాడు చెప్పే హద్దు 5 గ్రాములు. జపాన్‌లో 1951 నుంచి 1980 దాకా మరణాలకు మొదటి కారణం పక్షవాతం వంటి మెదడు రక్తనాళాల జబ్బులే. తర్వాత బీపీ పరీక్షలు, వైద్యం, ఉప్పు తగ్గించే ప్రచారం, ఇళ్లలో ఫ్రిజ్‌లు రావడం అన్నీ కలిసి అది బాగా తగ్గింది. జపాన్ వాళ్ల భోజనం ఇప్పటికీ జపాన్ వాళ్లదే. ప్రతి అలవాటూ ఏదో ఒక అవసరంలోంచి పుడుతుంది. ఆ అవసరం తీరాక కూడా అలవాటు మిగిలితే, అప్పుడు దాన్ని పరీక్షించుకోవాలి.

అపోహ: మంచి భోజనం ఎవరికైనా ఒకటే.

కాదు. ప్రపంచంలో పెద్దవాళ్లలో దాదాపు మూడింట రెండొంతుల మందికి పాలలోని చక్కెర పూర్తిగా అరగదు. పాలు అరిగించుకోవడం పశువుల్ని మేపి పాలు తాగిన జాతుల్లో వేల ఏళ్లలో స్థిరపడిన లక్షణం. పాలు పడకపోవడం జబ్బు కాదు. కాల్షియం ఇంకో దారిలో ఇవ్వాలి, అంతే.

అపోహ: రుచి పుట్టుకతో వస్తుంది. ఈ పిల్లాడు కూరగాయలు తినడు, అంతే.

తీపి మీద ఇష్టం, చేదు మీద విముఖత పుట్టుకతోనే ఉంటాయి. మిగతాదంతా చాలావరకు నేర్చుకునేదే, అదీ కడుపులో ఉండగానే మొదలవుతుంది. గర్భిణిగా ఉన్నప్పుడో, పాలిచ్చేటప్పుడో తల్లులు క్యారెట్ రసం తాగితే, ఆ బిడ్డలు తర్వాత క్యారెట్ కలిపిన ఆహారానికి మిగతా బిడ్డల కన్నా తక్కువగా మొహం చిట్లించారని 2001 నాటి అధ్యయనం. ఒకటి రెండుసార్లు వద్దన్నాడని వదిలేయకండి. బలవంతం లేకుండా పది, పదిహేనుసార్లు ఎదుట పెట్టాలి, పెద్దవాళ్లూ పక్కనే కూర్చుని అదే తినాలి.

అపోహ: ఒంటి ఆకారం మీద దిగులు ఎవరి మనసులోంచి వాళ్లకు పుడుతుంది.

ఫిజీలో నిండైన శరీరాన్ని మెచ్చుకోవడం సంప్రదాయం. 1995లో అక్కడి నద్రోగా ప్రాంతానికి టీవీ వచ్చింది. హార్వర్డ్ పరిశోధకురాలు ఆన్ బెకర్ హైస్కూలు అమ్మాయిలను అప్పుడోసారి, 1998లో ఇంకోసారి ప్రశ్నించింది. బరువు తగ్గడానికి కావాలని వాంతి చేసుకుంటున్నామన్నవాళ్లు మొదట ఒక్కరూ లేరు, మూడేళ్లకు 11.3 శాతం. టీవీ ఒక్కటే కారణమని రుజువు చేయలేం, ఆ మూడేళ్లలో ఇంకా చాలా మారి ఉంటాయి. కానీ అమ్మాయిలే టీవీలో కనిపించేవాళ్లలా ఉండాలని ఉందన్నారు. ఒక తరం అమ్మాయిలకు ఆకలితో సంబంధం ఇంత త్వరగా చెడగలదని తెలిశాక, ఇంటికొచ్చిన పిల్లను "ఒళ్లు చేశావే" అని పలకరించడం నేను చూస్తూ ఊరుకోలేను.

అపోహ: సంస్కృతిని మార్చలేం.

ఫిన్లాండ్‌లోని ఉత్తర కరేలియాలో మార్చారు. 1970ల మొదట్లో అక్కడి మధ్యవయసు మగవాళ్లలో గుండెపోటు మరణాలు ప్రపంచంలోనే అత్యధికం. వెన్న, కొవ్వు తీయని పాలు, ఉప్పు, సిగరెట్లు. పాడి రైతుల ప్రాంతం కాబట్టి వెన్న తగ్గించండి అనడమంటే వాళ్ల పొట్ట కొట్టడమే. 1972లో పెక్కా పుస్కా అనే యువ వైద్యుడి నాయకత్వంలో పని మొదలైంది. వాళ్లు ఆసుపత్రిలో కూర్చోలేదు. మహిళా సంఘంతో కలిసి ఊళ్లలో పాత వంటకాలనే కొవ్వు తగ్గించి, కూరగాయలు పెంచి వండించి సామూహిక విందులు పెట్టారు. మాంసం తయారీదారులతో మాట్లాడి కొవ్వు, ఉప్పు తగ్గించారు. పాడి రైతులు కొందరు బెర్రీ పండ్ల సాగుకు మారేలా సాయం అందింది. ఊళ్లు కొలెస్ట్రాల్ తగ్గించుకోవడంలో పోటీలు పడ్డాయి. నాలుగు దశాబ్దాల్లో పనిచేసే వయసు మగవాళ్లలో ఆ మరణాలు 80 శాతానికి పైగా తగ్గాయి. సిగరెట్లు తగ్గడం, వైద్యం మెరుగవడం కూడా అందులో ఉన్నాయి.

అపోహ: డాక్టరుకు ఏం తిన్నామో చెబితే చాలు.

చాలదు. ఈసారి వెళ్లినప్పుడు ఇవి కూడా చెప్పండి: ఇంట్లో వండేదెవరు, సరుకులు కొనేదెవరు, మీ పని వేళలేంటి, మధ్యలో తినడానికి విరామం ఇస్తారా, నెలలో ఏ రోజుల్లో చేతిలో డబ్బాడదు, అందరూ తిన్నాక మిగిలింది తింటున్నారా, ఒక్కరే తింటారా, మీ నమ్మకం ప్రకారం ఏవి ముట్టరు. ఆడవాళ్లు "మిగిలింది తింటాను" అన్న మాట సిగ్గుపడి దాచేస్తుంటారు. రక్తహీనతకు మాత్ర రాసే ముందు నాకు తెలియాల్సింది అదే. అడగకపోయినా చెప్పండి. పథ్యం మీ ఇంట్లో సాగేలా లేకపోతే, ఆ కాయితం వెనక్కిచ్చి ఇంకోలా రాయమని అడగండి.