కల్పిత లోకానికి ఆకాశం కట్టడం: అపోహలు – వాస్తవాలు

ఫాంటసీ నవలలోనో గేమ్‌లోనో పదేపదే వచ్చే ఆకాశ ఘటన ఒకటి తప్పకుండా ఉంటుంది: గ్రహణం, జంట పున్నమి, తోకచుక్క. కథంతా దాని చుట్టూ తిరుగుతుంది, కానీ దాన్ని కథకి కావలసిన తేదీకి తగిలించి వదిలేసేవాళ్ళే ఎక్కువ. ముందు కక్ష్యల లెక్క వేసుకోండి. తేదీలతో పాటు పండగలూ, భయాలూ, పంచాంగకర్తల తగాదాలూ ఆ లెక్కలోంచే పుడతాయి.

అపోహ: ఇద్దరు చంద్రులుంటే జంట పున్నమి ఠంచనుగా ఇన్ని రోజులకోసారి వస్తుంది.

వాస్తవం: పెద్ద చంద్రుడికి పున్నమి నుంచి పున్నమికి 37.1 రోజులు, చిన్న చంద్రుడికి 24.3 రోజులు అనుకుందాం. ఇద్దరూ ఆకాశంలో ఎన్నాళ్ళకి పక్కపక్కకి చేరతారో తెలియాలంటే ఆ రెండు సంఖ్యల్నీ హెచ్చించి, వాటి తేడాతో భాగించాలి. 901.53ని 12.8తో భాగిస్తే 70.43 రోజులు. చాలామంది ఇక్కడితో ఆగిపోతారు, తప్పు జరిగేదీ ఇక్కడే. కలిసిన ప్రతిసారీ పున్నమి ఉండదు. 70.43 రోజుల్లో చిన్న చంద్రుడు 2.898 నెలలే పూర్తిచేస్తాడు. ఒక నెలంటే 360 డిగ్రీల చుట్టు అనుకుంటే, మూడు నెలలు నిండడానికి ఇంకా 36.6 డిగ్రీలు వెలితి. అందుకని ఒక కలయిక నిండు పున్నమినాడు పడితే, తర్వాతిది పున్నమికి ఇంకా రోజులుండగానే జరిగిపోతుంది. పది కలయికలు గడిచాక, అంటే 704 రోజులకి, వెలితి 366 డిగ్రీలకి చేరి మళ్ళీ పున్నమి దగ్గరికి వస్తాం. మిగిలిన ఆరు డిగ్రీలు కంటికి తెలియవు గానీ ఊరికే పోవు, పేరుకుంటాయి. మూడుసార్లు 704 రోజులకి వచ్చిన జంట పున్నమి, నాలుగోసారి 634 రోజులకే వచ్చేస్తుంది.

ఆ 70 రోజుల తేడాని దయచేసి సరిదిద్దకండి, కథకి అదే ప్రాణం. 704కి అలవాటుపడ్డ రాజ్యంలో ఆ రాత్రి ఎవరు సిద్ధంగా లేరో, ముందే లెక్కగట్టినవాడు నోరెందుకు విప్పలేదో ఆలోచించండి. నెలల్ని 20, 30 అని గుండ్రంగా పెట్టుకుంటే మాత్రం ప్రతి 60 రోజులకీ జంట పున్నమే. అబ్బురం మిగలదు. దశాంశాలున్న సంఖ్యలే వాడండి.

అపోహ: సూర్యగ్రహణం పడితే రాజ్యమంతా కటిక చీకటి.

వాస్తవం: మన భూమ్మీద సంపూర్ణ గ్రహణపు నీడ దారి వెడల్పు మామూలుగా 270 కిలోమీటర్లు మించదు. ఏ ఒక్క చోటైనా చీకటి ఏడున్నర నిమిషాలు మించదు. ఒకే ఊరికి మళ్ళీ సంపూర్ణ గ్రహణం రావడానికి సగటున 375 ఏళ్ళు పడుతుంది. అప్పుడు కూడా కటిక చీకటి కాదు: దిగంతం చుట్టూరా సంధ్య వెలుగు ఉంటుంది, ఆకాశంలో గ్రహాలు మెరుస్తాయి, గాలి చల్లబడుతుంది. పూర్తిగా మూసుకుపోయే ముందు చెట్ల కింద చూడమనండి మీ పాత్రని. ఆకుల సందుల్లోంచి నేలమీద పడే వెలుగు చుక్కలన్నీ నెలవంక ఆకారంలో ఉంటాయి. రాజ్యమంతా ఒకేసారి చూడాలంటే చంద్రగ్రహణం పెట్టండి. రాత్రిగా ఉన్న సగం లోకానికీ కనిపిస్తుంది, ఎర్రబడ్డ చంద్రుడు గంటకి పైగా అలాగే ఉండగలడు.

ఎంత తరచుగా అన్నది కక్ష్య వాలు నిర్ణయిస్తుంది. మన చంద్రుడి కక్ష్య భూమి కక్ష్యతో పోలిస్తే సుమారు 5 డిగ్రీలు వాలి ఉంది కాబట్టే ప్రతి అమావాస్యకీ గ్రహణం పట్టదు, దాదాపు 173 రోజులకోసారి మాత్రమే గ్రహణాల అదను వస్తుంది. మీ చంద్రుడికి వాలు లేకుండా చేస్తే నెలనెలా గ్రహణమే, జనం తలెత్తి కూడా చూడరు. ఇంకొకటి: గ్రహణం 18 ఏళ్ళ 11 రోజుల 8 గంటలకి దాదాపు అదే తీరులో తిరిగొస్తుంది, కానీ ఆ 8 గంటల్లో భూమి మూడో వంతు తిరిగిపోతుంది. గ్రహణం వేరే దేశం మీద పడుతుంది. మూడు ఆవృత్తులు, అంటే 54 ఏళ్ళు దాటితేనే మళ్ళీ ఇటువైపు చేరుతుంది. తాతగారి తాళపత్రాల్లో లెక్క సరైనదే అయినా మనవడి ఊళ్ళో సూర్యుడు మామూలుగా వెలుగుతూ ఉండడానికి ఇంతకన్నా మంచి కారణం దొరకదు.

అపోహ: గ్రహాలన్నీ వరసకొస్తే సముద్రం పొంగుతుంది.

వాస్తవం: పొంగదు. సముద్రాన్ని పొంగించే పోటు బలం దూరం ఘనానికి విలోమంగా తగ్గిపోతుంది. శుక్రుడు భూమికి అతి దగ్గరగా వచ్చినప్పుడు కూడా ఆ బలం చంద్రుడి బలంలో సుమారు ఇరవై వేలలో ఒక వంతు. ఉప్పెన కావాలంటే చంద్రుణ్ణే దగ్గరికి తీసుకురండి: దూరం సగమైతే బలం ఎనిమిది రెట్లు.

అపోహ: తోకచుక్క రెప్పపాటులో ఆకాశాన్ని చీల్చుకుపోతుంది, చెప్పిన ఏడాదికే తిరిగొస్తుంది.

వాస్తవం: రెప్పపాటులో పోయేది ఉల్క. తోకచుక్క వారాల తరబడి నిలుస్తుంది, నక్షత్రాల మధ్య రోజుకి కొంచెంగా జరుగుతుంది. తోక ఎప్పుడూ సూర్యుడికి అవతలి దిక్కున ఉంటుంది కాబట్టి తిరిగి వెళ్ళేటప్పుడు తోకే ముందు నడుస్తుంది. ఇది తెలియక గీసిన ముఖచిత్రాలు కొల్లలు. గడువు కూడా కచ్చితం కాదు: హేలీ తోకచుక్క పెద్ద గ్రహాల లాగుడు వల్ల ఒకసారి 74 ఏళ్ళకి, ఒకసారి 79 ఏళ్ళకి వచ్చింది. ఒక తోకచుక్క వదిలిన ధూళి వల్ల కురిసే లియోనిడ్ ఉల్కల వాన 1833లోనూ 1866లోనూ కుండపోతగా కురిసింది. 33 ఏళ్ళ లెక్క ప్రకారం 1899లో జనం ఎదురుచూశారు, రాలేదు. గురుడూ శనీ ఆ ధూళి బాటని పక్కకి లాగేశాయి. 1966లో మళ్ళీ విరుచుకుపడింది. మీ లోకంలోనూ దూరాన ఒక భారీ గ్రహాన్ని ఉంచి, తోకచుక్క రాకని రెండు మూడేళ్ళు అటో ఇటో జరపండి. జోస్యం తప్పిందని గుడి తలుపులు మూసేసిన మరుసటి ఏడాదే అది కనిపించవచ్చు.