చింతామణిలో సుబ్బిశెట్టి ఒక్కడే ఎలా మిగిలాడు?

సంక్రాంతి దగ్గర పడిందంటే గోదావరి జిల్లాల్లో ఊరి తీర్థాలు, జాతర్లు జరిపే కమిటీలకు ఒక టెన్షన్ పట్టుకుంటుంది. నాటకాల లిస్టులో చింతామణి పేరు రాయాలా, వద్దా? రాస్తే ఎవరు ఫిర్యాదు చేస్తారు? స్టేషన్ నుంచి ఫోనొస్తే ఎవరు మాట్లాడాలి? 2022 జనవరి 17న, పండగ సందడి ఇంకా సద్దుమణగకముందే, అందులోని సుబ్బిశెట్టి పాత్ర తమను కించపరుస్తోందన్న ఆర్యవైశ్యుల ఫిర్యాదుతో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఆ నాటకాన్ని నిషేధిస్తూ ఉత్తర్వులిచ్చింది. అప్పుడు రాజుకున్న వాదన మళ్ళీ మళ్ళీ పైకి లేస్తూనే ఉంది.

టీవీ చర్చల్లో వింటే ఇది ఇద్దరి గొడవ. ఒకవైపు ఆర్యవైశ్యుల గౌరవం, ఇంకోవైపు భావప్రకటన స్వేచ్ఛ. ఈ ఇద్దరి మధ్యా నలిగిపోయింది స్టేజీ ఆర్టిస్టు. ఆ నాటకం మీదే పొయ్యి వెలిగించుకున్న మనిషి. ఆ మనిషి బతుకు ఏ దారిలో నడిచిందో చూస్తేగానీ, వందేళ్ళ నాటకంలో సుబ్బిశెట్టి ఒక్కడే ఎందుకు మిగిలాడో అర్థం కాదు.

ముందు ఈ నాటకం రాసిన కాళ్ళకూరి నారాయణరావు గారి దగ్గర ఒక్క క్షణం ఆగాలి. భీమవరం దగ్గర మత్స్యపురిలో 1871లో పుట్టారాయన. 1927లో పోయారు. కట్నం మీద వరవిక్రయం, తాగుడు మీద మధుసేవ రాసిన చేత్తోనే, వేశ్యల మోజులో కొంపలు కూల్చుకునేవాళ్ళ మీద చింతామణి రాశారు. ఆ మోజులో పడేవాళ్ళు నాటకంలో ముగ్గురు. బిల్వమంగళుడు, భవానీశంకరం బ్రాహ్మణులు, సుబ్బిశెట్టి వైశ్యుడు. తుపాను రాత్రి ఏరు దాటి వచ్చిన బిల్వమంగళుణ్ణి చూశాక చింతామణి మనసే విరిగిపోతుంది. ఉన్నదంతా వదిలేసి ఆమె దేవుడి దారి పడుతుంది, ఆయన లీలాశుకుడనే కృష్ణభక్తుడవుతాడు. ఈ కథలో సుబ్బిశెట్టి వాటా చాలా చిన్నది. నవ్విస్తాడు, డబ్బు పోగొట్టుకుంటాడు, పక్కకు తప్పుకుంటాడు.

ఆర్టిస్టుకు చింతామణి జీవితాంతం పని పెట్టే నాటకం. మొదట్లో ఆ వేషం మగవాళ్ళే కట్టేవారు. స్థానం నరసింహారావు గారు కట్టారు, తర్వాతి కాలంలో బుర్రా సుబ్రహ్మణ్యశాస్త్రి గారు కట్టారు. మెల్లగా ఆడవాళ్ళు వచ్చారు. వాళ్ళలో ఆటాపాటా కులవృత్తిగా ఉన్న కళావంతుల ఇళ్ళ నుంచి వచ్చినవాళ్ళూ ఉన్నారు. దేవదాసీ పద్ధతిని ఆపిన 1947 చట్టం తర్వాత వాళ్ళ ఆటపాటల మేళాలు ఆగిపోతే, పాట తప్ప వేరే ఆస్తి లేని ఇళ్ళకు నాటకం ఒక దారి అయింది. తమ ఇళ్ళనే వేలెత్తి చూపే నాటకంలో, ఆ వేషమే కట్టి, ఆ పద్యాలే పాడి పిల్లల్ని పెంచుకున్నారు. ఇంత గొడవలో వాళ్ళ గౌరవం మాట ఒక్కరి నోటా నేను వినలేదు.

పాలకొల్లు దగ్గర ఒక ఊళ్ళో ఉండే పెద్దావిడను కలిశాను. పేరు రాయొద్దన్నారు. పదహారేళ్ళకు చింతామణి చెల్లెలు చిత్ర వేషంతో స్టేజీ ఎక్కారు. నాలుగేళ్ళ తర్వాత బిల్వమంగళుడి భార్య రాధ వేషం ఇచ్చారు. చింతామణి వేషం చేతికొచ్చాక ముప్పై ఏళ్ళ దాకా వదల్లేదు. జుట్టు నెరిశాక చింతామణి తల్లి శ్రీహరి అయ్యారు. ఒకే నాటకంలో కూతురి నుంచి తల్లి దాకా నడిచారన్నమాట. పద్యాలు నేర్పింది పక్క ఊరి హార్మోనిస్టు. రోజూ తెల్లవారుజామున కూర్చోబెట్టి, మాట స్పష్టంగా పలికాకే రాగం ఎత్తనిచ్చేవారట. తన పాఠంతో పాటు ఎదుటివాళ్ళ పాఠం కూడా అప్పజెప్పించేవారట. ఆవిడకు ఇప్పటికీ పుస్తకం మొత్తం నోటికి వచ్చు. నా ముందు రాధ పాఠం మొదలుపెట్టి, దగ్గొచ్చి ఆగి, మంచినీళ్ళు తాగి, ఆగిన మాట దగ్గరే మళ్ళీ అందుకున్నారు.

అసలు మలుపు 2022లో రాలేదు. పూర్తి నాటకం పోయి సీన్ల నాటకం వచ్చినప్పుడే ఈ గొడవకు విత్తు పడింది. అంతకుముందు జమీందార్ల అండ ఉన్న నాటక సమాజాలుండేవి, పట్నాల్లో క్లబ్బులుండేవి. కాకినాడ యంగ్‌మెన్స్ హ్యాపీ క్లబ్బులో ఆడిన ఎస్వీ రంగారావు, రేలంగి, అంజలీదేవి లాంటివాళ్ళు సినిమాలకు వెళ్ళిపోయారు. తర్వాత ఊరూరా సినిమా హాళ్ళు లేచి జనాన్నీ పట్టుకుపోయాయి. మిగిలిన ఆర్టిస్టులకు దిక్కు జాతర్లు, తీర్థాలు. భీమవరం మావుళ్ళమ్మ ఉత్సవాలు, అత్తిలి సుబ్బారాయుడి షష్ఠి, ఊరూరా శ్రీరామనవమి పందిళ్ళు. పంట మాసూళ్ళయి రైతు చేతిలో నాలుగు డబ్బులు ఆడే రోజులవి. ఆ డబ్బుకూ ఆర్టిస్టుకూ మధ్య కాంట్రాక్టరు వచ్చి కూర్చున్నాడు.

ఆయన లెక్క ఆయనది. ఒక రాత్రికి ఇంత అని కమిటీ దగ్గర ఒప్పుకుంటాడు. ఒకే నాటకం తెల్లవార్లూ ఆడిస్తే జనం నిలవరని, జనానికి నచ్చే ముక్కలు ఏరి కలిపేస్తాడు. కృష్ణుడి పడకసీను, రాయబారం సీను, హరిశ్చంద్రలో కాటిసీను. కృష్ణుళ్ళే ముగ్గురు దిగుతారు, పోటీ పడి రాగాలు తీస్తారు. ఆర్టిస్టుకు డబ్బు సీనుకింత. రిహార్సల్ అనేది లేదు. సాయంత్రం బస్సు దిగి వస్తారు, ఎదుటి వేషం ఎవరిదో మేకప్ గదిలోనే తెలుస్తుంది. ఆ పద్ధతిలో చింతామణి నుంచి తెగి బయటికొచ్చినవి రెండే ముక్కలు, భవాని సీను, శెట్టి సీను. రాధ అక్కర్లేకపోయింది. చింతామణికి విరక్తి కలిగే చివరి అంకం అసలే అక్కర్లేకపోయింది. రోగం చూపించి మందు దాచేసినట్టయింది.

అప్పుడు నాకు పదేళ్ళుంటాయి. మా ఊరి షష్ఠి తీర్థానికి స్కూల్లో నాలుగో తరగతి గదే మేకప్ గది. కిటికీ ఊచలు పట్టుకుని వేలాడుతూ చూస్తున్నాను. సుబ్బిశెట్టి వేషగాడు ముఖానికి కొబ్బరినూనె రాసుకుని, దాని మీద తెల్లటి జింకు పౌడరు అద్దుకుంటున్నాడు. బొజ్జ కోసం తలగడను పాత పంచెతో నడుముకు బిగించి కట్టుకున్నాడు. ముడి వెనక్కి అందక "ఒరే అబ్బాయ్, ఇలా రా, కాస్త లాగి పట్టుకో" అని నన్ను పిలిచాడు. నేను ముడి పట్టుకుని ఉండగానే కమిటీ పెద్ద ఒకాయన లోపలికొచ్చాడు. జనం లేచిపోతున్నారని, పోయినేడు వచ్చిన పార్టీ ఇంతకన్నా బాగా నవ్వించిందని, పుస్తకంలో ఉన్నది చదివితే బ్యాలన్సు డబ్బు సంగతి ఆలోచించాల్సి వస్తుందని చెప్పి వెళ్ళాడు. వేషగాడు ఏమీ అనలేదు. అద్దంలోకి చూసుకుంటూ కాసేపు కూర్చున్నాడు. ఆ రాత్రి ఆయన అన్న మాటలు మా అమ్మ వినలేక మమ్మల్ని ఇంటికి తీసుకొచ్చేసింది. వెనక నుంచి ఈలలు వినిపిస్తూనే ఉన్నాయి, మైకులో చదివింపులు వినిపిస్తూనే ఉన్నాయి. ఫలానా వారు శెట్టి గారికి పది రూపాయలు, ఫలానా వారు ఇరవై రూపాయలు.

ఆ పది రూపాయలే పాఠాన్ని మార్చేశాయి. పద్యం ఎంత బాగా పాడినా వన్స్‌మోర్ దాకానే. బూతు మాటకు డబ్బు రాలింది. ఒక ఊళ్ళో పేలిన మాట పక్క ఊళ్ళో పాఠం అయింది. క్యాసెట్లొచ్చాక ఆ పాఠమే ఇంటింటికీ చేరింది, తర్వాత ఫోన్లలోకి ఎక్కింది. ఇప్పుడు యూట్యూబ్‌లో చింతామణి అని కొడితే కనిపించేవి ఎక్కువగా ఆ ముక్కలే.

వైశ్యుల బాధ అబద్ధమని నేను అనను. బళ్ళో పిల్లల్ని సుబ్బిశెట్టి అని ఏడిపించడం నేనూ చూశాను. కులం పేరు పెట్టి, ఒళ్ళూ పొట్టా పెట్టి వేళాకోళం చేస్తుంటే ఎవరు ఊరుకుంటారు? వాళ్ళు అడగడంలో తప్పు లేదు. అయితే నాతో మాట్లాడిన ఆర్టిస్టుల్లో ఒక్కరు కూడా ఆ మాటల్ని వెనకేసుకు రాలేదు. కాళ్ళకూరి రాసినది రాసినట్టు ఆడతామని, బయటి మాట ఒక్కటి దొర్లినా ఆ ఆర్టిస్టు మీదే కేసు పెట్టుకోమని అంటున్నారు. సుబ్బిశెట్టిని తీసేసి ఆడుకోమనే రాజీ వాళ్ళకు నచ్చలేదు. పాత్రను తీసేస్తే రేపు భవానీశంకరాన్ని తీసెయ్యమంటారు, ఎల్లుండి శ్రీహరిని తీసెయ్యమంటారు. నాటకాన్ని ముక్కలు చేయడం వల్ల వచ్చిన తంటాకు ఇంకో ముక్క కోయడం విరుగుడెలా అవుతుందని అడుగుతున్నారు. ఆ ప్రశ్న నాకూ న్యాయంగానే తోచింది.

ఉత్తర్వు వచ్చాక అప్పటి నరసాపురం ఎంపీ రఘురామకృష్ణరాజు హైకోర్టుకు వెళ్ళారు. కోర్టులో హక్కుల మీద వాదన జరిగింది. పల్లెల్లో మాత్రం తీర్థాల సీజన్ ఎవరి కోసమూ ఆగదు. కరోనా దెబ్బకు అప్పటికే రెండేళ్ళు స్టేజీలు ఖాళీగా పడున్నాయి. అడ్వాన్సులు తీసుకుని తినేసినవాళ్ళు, డ్రస్సుల వాళ్ళకు బాకీ పడ్డవాళ్ళు ఆ సంక్రాంతి మీదే ఆశ పెట్టుకున్నారు. కమిటీలకు బూతు కావాలి, కాంట్రాక్టరుకు జనం కావాలి. వాళ్ళిద్దరికీ ఉత్తర్వు వల్ల పోయిందేమీ లేదు, లిస్టులో వేరే సీను రాసుకున్నారు.

పాలకొల్లు పెద్దావిడ బుకింగుల డైరీలన్నీ రేకు పెట్టెలో దాచుకున్నారు. 2022 డైరీ తీసి నా చేతికిచ్చారు. జనవరి నెలాఖరు పేజీల్లో మూడు తేదీలకు చింతామణి, శ్రీహరి అని నీలం ఇంకుతో ఉంది. మూడూ కొట్టేసి ఉన్నాయి. ఒకదాని మీద మాత్రం కలహకంఠి అని రాసి ఉంది. హరిశ్చంద్రలో కాలకౌశికుడి భార్య, కాస్సేపటి వేషం. ఆ వేషానికి ముట్టిన డబ్బు పక్కనే పెన్సిల్‌తో వేసుకున్నారు. అది శ్రీహరికి ఒప్పుకున్న డబ్బులో సగం కూడా లేదు.