సయనోటైప్‌కి డిజిటల్ నెగటివ్: అపోహలు – వాస్తవాలు

అపోహ: కంప్యూటర్ చెయ్యి పడితే అది అసలైన ఫొటో కాదు.

కంప్యూటర్ లేని రోజుల్లోనే, 1858లో, ఇంగ్లండ్ ఫొటోగ్రాఫర్ హెన్రీ పీచ్ రాబిన్సన్ ఐదు నెగటివ్‌లు కలిపి ఒకే ప్రింటు తీశాడు. సయనోటైప్ అంటే ఇనుప లవణాలు పూసిన కాగితం మీద ఎండతో నీలం బొమ్మ తీసే పాత పద్ధతి. ఇందులో నెగటివ్‌ని కాగితానికి ఆనించి ఎండలో పెట్టాలి. ప్రింటు ఎంతో నెగటివ్ అంత ఉండాలి. 35 ఎంఎం ఫిల్మ్‌తో తపాలా బిళ్ళంత బొమ్మే వస్తుంది. ఫిల్మ్‌ని స్కాన్ చేసి పెద్ద నెగటివ్ తీసుకోవడానికే కంప్యూటర్. నీలం పుట్టేది మాత్రం కాగితం మీద, ఇనుప లవణాల్లోనే.

అపోహ: ఫొటోషాప్‌లో ఇన్వర్ట్ కొట్టి (నలుపు తెలుపుల్ని తారుమారు చేసి) ఓహెచ్‌పీ షీటు, అంటే పారదర్శక ప్లాస్టిక్ షీటు, మీద ప్రింటు తీస్తే నెగటివ్ రెడీ.

ఎక్కువమంది కాగితాలు పాడయ్యేది ఇక్కడే. నీడలన్నీ ఒకే ముద్దగా ముదురు నీలమైపోతాయి, లేత చోట్ల తెల్లటి ఖాళీ మిగులుతుంది. స్క్రీన్ మీద బూడిద రంగు మెట్లు, ఈ రసాయనం ఇచ్చే మెట్లు ఒకటి కావు మరి.

ముందు ఎండలో ఎంతసేపు ఉంచాలో ఆ టైము తేల్చుకోండి. పూత వేసిన కాగితం మీద ఖాళీ షీటు పరిచి, రెండేసి నిమిషాలకు అట్టను జరుపుతూ ఎండ చూపించండి. కడిగి, పూర్తిగా ఆరాకే చూడాలి, ఎందుకంటే ఆరాక రంగు ముదురుతుంది. ఇక ముదరడం ఆగిన మొదటి గడి ఏదో, అదే మీ టైము. తర్వాత తెలుపు (0 శాతం) నుంచి నలుపు (100 శాతం) దాకా 21 గడుల పట్టీని కర్వ్ (ఫొటోషాప్‌లో బూడిద మెట్లను సర్దే గీత) లేకుండా నెగటివ్‌గా తీసి, అదే టైముకి ప్రింటు చేయండి. ప్రింటులో సరిగ్గా సగం నీలంగా కనిపించేది 30 శాతం గడి అయితే, కర్వ్‌లో 50ని 30కి దించాలి. మిగతా గడులకీ అంతే. ఈ కర్వ్ వేశాకే ఇన్వర్ట్ చేయాలి. కాగితం గానీ ప్రింటరు ఇంకు గానీ మారితే మళ్ళీ మొదటికి రావాల్సిందే. ఇంకొకరి కర్వ్ మీకు పనికిరాదు.

షీటు ఇంక్‌జెట్‌ది కావాలి. జిరాక్స్ షీటు మీద ఇంకు చుక్కలు కట్టి జారుతుంది. ప్రింటుకి ముందు బొమ్మను అద్దంలోలా తిప్పండి. అప్పుడే ఇంకు వైపు పూతకి ఆనుతుంది. లేదంటే షీటు మందం సందులోంచి వెలుగు దూరి అంచులు మసకబారతాయి. కాగితంలో తడి మిగిలితే ఇంకు అంటుకుంటుంది.

అపోహ: సయనోటైప్ పూతలో వాడే ఫెర్రిసయనైడ్ అంటే సయనైడ్ విషమే.

అందులో సయనైడ్ ఇనుముతో గట్టిగా బంధించుకుని ఉంటుంది. మామూలు వాడకంలో గ్లవ్స్ చాలు. ఘాటు యాసిడ్ కలపడం, పొడిని వేడి చేయడం మాత్రం ఎప్పుడూ వద్దు, విషవాయువు వెలువడుతుంది. ఫెర్రిక్ అమ్మోనియం సిట్రేట్ 25 గ్రాములు, పొటాషియం ఫెర్రిసయనైడ్ 10 గ్రాములు, విడివిడిగా 100 మి.లీ. నీళ్ళలో కరిగించండి. వాడేముందే సమంగా కలపాలి. ఏ4 కాగితానికి చెరి 1.5 మి.లీ. సరిపోతుంది.

అపోహ: ఎండ తగిలితే ప్రింటు శాశ్వతంగా వెలిసిపోతుంది.

వెలుగుకి కాస్త పాలిపోయినా, చీకట్లో ఉంచితే నీలం చాలావరకు తిరిగొస్తుంది. అసలు శత్రువు క్షారం. వాషింగ్ సోడా నీలాన్ని తినేస్తుంది. బోరు నీళ్ళతో కడిగేవాళ్ళు మొదటి నీళ్ళలో చిటికెడు నిమ్మ ఉప్పు వేసుకోవాలి. ఫ్రేము కట్టించేటప్పుడు క్షారం కలిపిన మౌంట్ బోర్డు వద్దని ముందే చెప్పండి.