పీఎస్‌2లో పెన్‌డ్రైవ్ ఆటలు: అపోహలు - వాస్తవాలు

చెన్నై రిచీ స్ట్రీట్ దగ్గర నేను పాత గేమ్ కన్సోళ్లు బాగుచేస్తుంటాను. డిస్క్ చదవడం మానేసిన ప్లేస్టేషన్ 2ను పెన్‌డ్రైవ్‌తో నడిపించమని అడిగేవారిలో మన తెలుగువారు చాలామందే ఉన్నారు. వారికి రోజూ నోటితో చెప్పే సంగతులనే ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: ఖరీదైన పెన్‌డ్రైవ్ కొంటే ఆట వేగంగా నడుస్తుంది.

వాస్తవం: ఇక్కడ వేగాన్ని నిర్ణయించేది పెన్‌డ్రైవ్ కాదు, కన్సోల్‌లోని పోర్టు. అది యూఎస్‌బీ 1.1 రకం కాబట్టి సెకనుకు గరిష్ఠంగా 12 మెగాబిట్లు, అంటే లెక్కప్రకారం ఒకటిన్నర మెగాబైట్లు మాత్రమే పంపగలదు. ఆచరణలో అంత కూడా రాదు. అదే కన్సోల్‌లోని డీవీడీ డ్రైవ్ సెకనుకు సుమారు 5 మెగాబైట్లు చదువుతుంది. అందువల్లే ఆడుతున్నంతసేపూ సాఫీగా సాగిన ఆట, మధ్యలో వీడియో దృశ్యం రాగానే బొమ్మ ఆగి ఆగి కదలడం, మాటలు తెగితెగి వినిపించడం మొదలుపెడుతుంది. ఈ లోపం పోవాలని మూడు పెన్‌డ్రైవ్‌లు మార్చి, చివరికి నా దగ్గరకు వచ్చిన ఒక కుర్రవాడి కన్సోల్‌ను ల్యాన్ కేబుల్‌తో వాళ్ల కంప్యూటర్‌కు కలిపి, ఆటను అందులోంచి నడిపి చూపించాను. అదే దృశ్యం ఎక్కడా ఆగలేదు. స్లిమ్ మోడల్‌కు ల్యాన్ పోర్టు ఉంటుంది కాబట్టి వీలున్నవారికి నేను ఆ దారినే సూచిస్తాను.

అపోహ: ఆట తెరుచుకోకపోతే ఫైలు పాడైనట్టే.

వాస్తవం: చాలాసార్లు ఫైలు బాగానే ఉంటుంది, కానీ పెన్‌డ్రైవ్‌లో ముక్కలుగా చెదిరి ఉంటుంది. పెన్‌డ్రైవ్‌లోని ఆటను కన్సోల్‌లో నడిపించే ఓపెన్ పీఎస్‌2 లోడర్ అనే ప్రోగ్రామ్‌కు ఫైలు ఒకే వరుసలో ఉండాలి. డ్రైవ్‌ను ఫార్మాట్ చేసి, ఆటలను ఒకదాని తర్వాత ఒకటిగా కాపీ చేస్తే చాలు. ఫ్యాట్32 అనే ఫార్మాట్‌లో 4 జీబీ దాటిన ఫైలు పట్టదు గనుక పెద్ద ఆటలను యూఎస్‌బీయుటిల్ అనే కంప్యూటర్ ప్రోగ్రామ్‌తో విడగొట్టాలి.

అపోహ: హోమ్‌బ్రూ (కంపెనీ కాక ఔత్సాహికులు కన్సోల్ కోసం రాసే సాఫ్ట్‌వేర్) అంటేనే దొంగ ఆటలు.

వాస్తవం: లోడర్ ఔత్సాహికులు రాసిన స్వేచ్ఛా సాఫ్ట్‌వేర్, అందులో ఏ ఆటా ఉండదు. డబ్బు పెట్టి కొనని ఆటను దించుకోవడం మాత్రం కాపీరైట్ ఉల్లంఘనే, ఆ పని నేను ఎవరికీ చేసిపెట్టను.

అపోహ: కన్సోల్‌ను విప్పి చిప్ వేయాలి.

వాస్తవం: లోడర్‌ను తెరవడానికి వాడే ఫ్రీ మెక్‌బూట్ అనే ప్రోగ్రామ్ మెమొరీ కార్డులోనే ఉంటుంది, కార్డు తీసేస్తే కన్సోల్ ఎప్పటిలా పనిచేస్తుంది. అయితే చివరగా వచ్చిన 90000 శ్రేణిలో 2.30 బయోస్ (కన్సోల్ లోపలి మూల సాఫ్ట్‌వేర్) ఉన్నవాటిలో అది పనిచేయదు కాబట్టి, కార్డు కొనేముందే కన్సోల్‌ను తిరగేసి స్టిక్కర్ మీద మోడల్ నంబరు చూసుకోండి.